లేని బ్రేకు

నా స్కూటీ వెనక కూర్చున్న ప్రతిసారీ
మా నాయన కుడికాలు బ్రేకు తొక్కుతాది.
అక్కడ బ్రేకు లేదు.
వట్టి ఇనప కడ్డీ, దాని మీద అరిగిన రబ్బరు.
ఆటో అడ్డమొచ్చినా, గొర్రెపిల్ల అడ్డమొచ్చినా,
అవతలి వీధిలో ఎవడో హారను కొట్టినా
ఆ కాలి బరువు బండి పొడుగునా పాకి
నా నడుముకు తెలుస్తాది.

ముప్పై ఒక్క ఏండ్లు పల్లెవెలుగు నడిపిన దస్తగిరి
ఒక్క కోడినన్నా తొక్కలేదని
డిపోలో ఇచ్చిన స్టీలు బిందె
ఇప్పటికీ నీళ్లు పోయకుండా దాచిపెట్టింది మా అమ్మ.
చక్కెర జబ్బు కంటి నరానికి పాకిందని
డాక్టరు బండి జోలికి పోవద్దన్న రోజు
తాళం నా చేతికియ్యలేదు.
టీవీ మీద పెట్టి
"ఆడ పెట్టినా" అన్నాడు, అమ్మతో.

మా ఇంట్లో మాటలన్నీ అట్లాగే
అమ్మ మీదుగా పోతాయి.
మాబున్ని అంటే మాకు జంక్షను.
"మీ నాయన అడగతాండాడు, నిన్న లేటెందుకయిందని."
"మార్చి నెల లెక్కలని చెప్పు."
రెండడుగుల దూరంలో పేపరు ఎత్తిపట్టుకొని
ఆయన అంతా వింటానే ఉంటాడు.
నాకు ముప్పై నాలుగు.
కరెంటాఫీసులో ఊరి మీటర్ల లెక్కలు చూసేదాన్ని.
పెండ్లి మాట ఎత్తడం మానేసినారు;
మానేసిన చప్పుడు
ఇల్లంతా వినపడతాంటాది.

సోమవారం పొద్దున, ఏడురోడ్ల కాడ.
ఆఫీసుకు పోతా పోతా
బస్టాండు టీ అంగడి కాడ ఆయన్ని దించడం
రోజూ ఉండేదే.
కాలు ఒకసారి తొక్కింది. రెండోసారి తొక్కింది.
మూడోసారి "నిదానం మే" అన్నాడు.
నేను ఇరవై మీద పోతాండా.
బండి పక్కకు తీసి ఆపినా.
"నువ్వే నడుపుకో నాయనా, నేను దిగుతా."
నేను దిగలేదు. ఆయనే దిగినాడు.
చొక్కా సర్దుకొని అంగళ్ల నీడన
ఎవరో తెలీని మనిషి మాదిరి నడిచిపోయినాడు.

జమ్మలమడుగు బస్సొకటి మెల్లగయింది.
"దస్తగిరన్నా, ఎక్కు!"
ఎక్కినాడు. డ్రైవరు వెనక సీటు.
దాన్ని దాటేసి పోవచ్చు నేను.
ఎందుకో వెనకాలే పోయినా,
ఎర్రలైటు చూసుకుంటా.
అది వెలిగినప్పుడల్లా
తొక్కింది ఆ డ్రైవరు కాలో, మా నాయన కాలో
తెలీలేదు.
నా కాలూ ఊరికే లేదు.
దాని కింద తొక్కడానికేముంది,
కూరగాయల సంచి తప్ప.

సీటు కింద డిక్కీలో, రెయిన్‌కోటు మడతలో
రాయచోటికి ట్రాన్స్‌ఫరు కాగితం.
నేను అడిగి తెచ్చుకున్నదే.
పదకొండు రోజులాయె.

రాత్రికి సంగటి, చెనిక్కాయ ఊరిబిండి.
ఎవరూ ఏమీ ఎత్తలేదు.
"ఇంగో ముద్ద కావాల్నేమో మీ నాయన్ని అడుగు" అని
జంక్షను మూసేసి
అమ్మ వంటింట్లోకి పోయింది.
నేను అడగలేదు.
గిన్నె ఆయన దిక్కు జరిపినా.
తిన్నాడు.

తెల్లారి మళ్లీ బండి. మళ్లీ వెనక సీటు.
బుగ్గవంక దాటేదాకా కాలు కదల్లేదు.
అది ఇంకా కష్టంగా ఉంది నాకు.
అప్పుడన్నాడు, నా వీపుతో:
"గువ్వలచెరువు ఘాటుండ్లా,
పోయేటప్పుడు ఏం కాదు, ఎక్కుడే.
ఇంటికొచ్చేటప్పుడంతా దిగుడు.
దిగుడులో బ్రేకును నమ్ముకోవద్దు మే,
గేరును నమ్ముకో."

నేనింకా ఎవరికీ చెప్పలేదే.
రెయిన్‌కోటు ఎవరు విప్పినారో,
ఎవరు మళ్లీ అట్లే మడిచినారో.

కొంచేపటికి
"నీ బండికి గేర్లు ల్యావు గదా" అన్నాడు,
తప్పు తనదే అయినట్టు.

ముల్లు నలభై మీద ఉంది.
చూసే ఉంటాడు.